పీటర్ పాన్‌కి గొంతిచ్చిన అబ్బాయి సంగతి ఎవరికైనా తెలుసా?

కాకినాడ కాజా:

నమస్కారమండీ. మొన్న శనివారం రాత్రి మా పాప (ఆరేళ్ళు) పట్టుబట్టి డిస్నీ వాళ్ళ పాత పీటర్ పాన్ పెట్టించుకుంది. 1953 నాటి బొమ్మల సినిమా. నేను పక్కన కూర్చుని చిక్కుడుకాయలకి ఈనెలు తీస్తూ, సగం చూస్తూ సగం వింటూ ఉన్నాను. ఆ పీటర్ గొంతు భలే పట్టేసిందండీ. పొగరు, అల్లరి, అక్కడక్కడా చిన్న జీర. ఎవరో పెద్దావిడ పిల్లాడిలా చెప్పిన గొంతు కాదు, అసలైన మగపిల్లాడి గొంతు. ఎవరబ్బా అని ఫోన్లో వెతికాను.

బాబీ డ్రిస్కాల్ అట. పిల్లల ఆస్కార్ కూడా వచ్చిందట. ఇంకొంచెం కిందికి జరిపితే, 31 ఏళ్ళకే న్యూయార్క్‌లో ఓ పాడుబడ్డ ఇంట్లో చనిపోయి కనిపించాడనీ, ఎవరో తెలియక అనాథ శవంగా పాతిపెట్టారనీ ఉంది. చిక్కుడుకాయలు అలాగే వదిలేశాను. పాప మాత్రం పక్కన "నేనూ ఎగురుతా" అని సోఫా మీంచి దూకుతోంది.

నాకు మూడు సందేహాలు. ముఖం మీద మొటిమలొచ్చాయని డిస్నీ వాళ్ళు తీసేశారంటున్నారు, నిజమేనా? అంత సంపాదించిన పిల్లాడి డబ్బుకి అక్కడ ఏ చట్టమూ కాపలా లేదా? మూడోది, ఈ అబ్బాయిని బొమ్మల్లో కాకుండా మనిషిగా చూడాలంటే ఏ సినిమా చూడాలి? తెలిసినవాళ్ళు చెప్పండి.

సెకండ్ షో:

కాజా గారూ, ఇందులో పెద్ద మిస్టరీ ఏముంది? ఎప్పటికీ పెద్దవాడు కాని పిల్లాడి వేషం వేసినవాణ్ణి, పెద్దవాడయ్యాడని తీసేశారు. డ్రగ్స్‌లో పడ్డాడు, పోయాడు. డబ్బంటారా, తల్లిదండ్రులు తినేసి ఉంటారు. ఎక్కడైనా ఇదే కథ.

మైకు ముందు:

సెకండ్ షో గారూ, మీరు మూడు ముక్కల్లో తేల్చేశారు గానీ, తల్లిదండ్రులు తిన్నారనే మాట దాఖలా లేకుండా అనకండి, పోయినవాళ్ళు. ఆ "పెద్దవాడు కాని పిల్లాడు" పోలిక కూడా పక్కన పెట్టండి. బాబీ గురించి రాసే ప్రతివాడూ అక్కడే మొదలుపెట్టి అక్కడే ఆగిపోతాడు.

నేను డబ్బింగ్ ఆర్టిస్టుని. ఏడేళ్ళప్పుడు మద్రాసులో మొదలుపెట్టాను, ఇప్పుడు హైదరాబాద్‌లో ఉంటున్నాను. మా దగ్గర మగపిల్లలకి కూడా ఎక్కువగా ఆడవాళ్ళమే చెబుతాం, నేనైతే ముప్ఫై ఏళ్ళుగా చెబుతున్నాను. కాబట్టి కాజా గారూ, మీకు వినిపించిన ఆ జీర గురించి నాకు కొంచెం తెలుసు. సినిమా 1953 ఫిబ్రవరిలో విడుదలైంది. బాబీ పుట్టింది 1937 మార్చి 3న. అంటే రిలీజు నాటికి పదహారు నిండటానికి నెల కూడా లేదు. గొంతు మారే వయసులో చెప్పించారన్నమాట. ఆ వయసు మగపిల్లాడితో చెప్పించడం ఎంత టెన్షనో మా ఇంజనీర్లని అడగండి. పొద్దున చెప్పిన లైనుకి సాయంత్రం చెప్పిన లైను అతకదు. రంగస్థలం మీద పీటర్ వేషం ఆడవాళ్ళే వేయడం వాళ్ళకి ఎప్పట్నుంచో ఆనవాయితీ. డిస్నీ వాళ్ళు దాన్ని కాదని మగపిల్లాడిని తీసుకున్నారు. గొంతుకే కాదు, బొమ్మలు గీసేవాళ్ళు చూసి గీయడానికి కెమెరా ముందు క్లోజప్‌లు నటించి చూపించింది కూడా ఇతనే. పీటర్ మొహంలో మీకు కనిపించేది సగం బాబీయే.

మొదట్నుంచీ చెబుతాను. సొంతూరు అయోవాలోని సీడర్ ర్యాపిడ్స్. నాన్న ఇళ్ళకి వేసే ఇన్సులేషన్ సామాన్లు అమ్మేవాడు, అమ్మ పెళ్ళికి ముందు టీచరు. ఒక్కడే కొడుకు. నాన్నకి ఊపిరితిత్తుల జబ్బు చేస్తే, వాతావరణం మార్చమని డాక్టరు చెప్పాడని 1943లో కాలిఫోర్నియా వచ్చారు. సినిమాల కోసం వచ్చిన కుటుంబం కాదు. ఆల్టడీనాలో జుట్టు కత్తిరించిన మంగలి "ఈ పిల్లాడిని సినిమాల్లో చూపించండి" అన్నాడట. ఎంజీఎం స్టూడియోకి తీసుకెళితే అక్కడ సెట్ వేసిన ఓడ ఒకటి ఉందట. చుట్టూ చూసి "మరి నీళ్ళేవి?" అని అడిగాడట. డైరెక్టరుకి ఆ ప్రశ్న నచ్చేసింది. లాస్ట్ ఏంజెల్‌లో చిన్న వేషం ఇచ్చారు. అప్పటికి వాడికి ఆరేళ్ళు, మీ పాప ఈడు.

1946లో సాంగ్ ఆఫ్ ద సౌత్. అప్పటిదాకా బొమ్మలు గీయించుకోవడమే గానీ మనుషుల్ని కాంట్రాక్టులో పెట్టుకోని డిస్నీ, మొదటిసారి సంతకం పెట్టించుకున్నది ఇద్దరు పిల్లలతో: బాబీ, లువానా ప్యాటెన్. తర్వాత సో డియర్ టు మై హార్ట్. ఆ తర్వాత ఆర్కేఓ వాళ్ళకి అద్దెకిస్తే ద విండో. (అద్దెకే. కాంట్రాక్టులో ఉన్న నటుణ్ణి వేరే స్టూడియోకి ఇవ్వడాన్ని మన పాత మేనేజర్లు కూడా అలాగే అనేవారు, ఎడ్లబండిలాగా.) ఈ రెండు సినిమాలకీ కలిపి 1950 మార్చిలో పిల్లల ఆస్కార్ ఇచ్చారు. మామూలు బొమ్మ కాదు, చిన్న సైజుది. షిర్లీ టెంపుల్‌తో మొదలై హేలీ మిల్స్‌తో ఆగిపోయిన బహుమతి అది. మొత్తం మీద పన్నెండు మంది పిల్లలకే దక్కింది.

అదే ఏడాది ట్రెజర్ ఐలాండ్ వచ్చింది. అంతకుముందు ఏడాది ఇంగ్లండ్‌లో తీశారు. మధ్యలో అక్కడి అధికారులు ఈ అబ్బాయికి పని చేసే పర్మిట్ లేదని పట్టుకున్నారు, జరిమానా వేశారు. అప్పీలు కోసం దొరికిన ఆ కొద్ది వారాల్లోనే డైరెక్టరు బైరన్ హాస్కిన్ హడావిడిగా బాబీ క్లోజప్‌లన్నీ తీసి పెట్టుకున్నాడు. ఆ సినిమా చూసేటప్పుడు నేను ఎప్పుడూ ఆ క్లోజప్‌లనే గమనిస్తాను. ఎదుట ఎవరూ లేకుండా, ఎవరినో చూస్తున్నట్టు చూడాలి. పన్నెండేళ్ళవాడికి చిన్న పని కాదు.

ఇక మొటిమలు. వచ్చాయి, బాగానే వచ్చాయి. కాంట్రాక్టు పీటర్ పాన్ వచ్చిన ఏడాదే ముగిసింది. బయటికి చెప్పిన కారణం మొటిమలే. కానీ ఆ వయసు వస్తుందని స్టూడియోకి ముందే తెలియదా? మొటిమలు లేకపోయినా పంపించేసేవారని నా నమ్మకం. గడ్డం వచ్చే పిల్లాడితో డిస్నీకి అప్పుడు పని లేదు. పైగా ఇతని పని అక్కడితో ఆగిపోలేదు. టీవీలో చిన్నాచితకా వేషాలు వచ్చాయి, 1955లో ద స్కార్లెట్ కోట్‌లో కనిపించాడు. దెబ్బ తగిలింది స్టూడియోలో కాదు, బళ్ళో అంటాను నేను.

అప్పటిదాకా నటుల పిల్లలు చదివే హాలీవుడ్ ప్రొఫెషనల్ స్కూల్. అక్కడ అందరూ తనలాంటివాళ్ళే. తర్వాత మామూలు హైస్కూల్లో వేశారు. అక్కడి పిల్లలు ఏడిపించారు. తనని వాళ్ళలో కలుపుకోలేదనీ, కలవాలని ఎంతో ప్రయత్నించాననీ, కాదన్నాక తిరగబడి పొగరు చూపించాననీ, లోపల మాత్రం ఎప్పుడూ భయమేననీ తర్వాత అతనే చెప్పుకున్నాడు. మత్తుమందులు మొదలైంది ఆ రోజుల్లోనే. మళ్ళీ పాత బడికే తీసుకొచ్చి 1955లో చదువు పూర్తి చేయించారు గానీ అప్పటికే అలవాటు ముదిరింది.

నా సంగతి ఒకటి చెబుతాను, తప్పుగా అనుకోకండి. నాకు పదమూడేళ్ళప్పుడు ఒక సినిమాలో చిన్నపిల్ల వేషానికి సగం చెప్పాను. మిగతా సగానికి అమ్మ, నేను క్యారియర్ పట్టుకుని పొద్దున్నే వెళ్ళాం. గేటు దగ్గర వాచ్‌మన్ "నిన్నే అయిపోయిందమ్మా" అన్నాడు. నా గొంతు బరువెక్కిందని వేరే పాపతో మొదట్నుంచీ చెప్పించేశారు. ఫోన్ చేసి ఒక్క ముక్క చెప్పలేదు. వచ్చేటప్పుడు అమ్మ రోజ్ మిల్క్ ఇప్పించింది, క్యారియర్ బస్సులోనే తినేశాం. అది నన్నంతగా బాధపెట్టలేదు. బాధపెట్టింది ఎనిమిదో క్లాసు. "ఏదీ, ఆ గొంతు చెయ్యవే" అని చుట్టూ మూగేవారు. చేస్తే నవ్వేవారు, చేయకపోతే "టెక్కు" అనేవారు. రెండింటికీ మధ్యలో ఏం చేయాలో నాకు ఏ డైరెక్టరూ చెప్పలేదు. నాకు గొంతు మిగిలింది కాబట్టి బతికిపోయాను. బాబీకి అందరికీ తెలిసిన మొహం ఒక్కటే ఉంది, అదే మారిపోయింది.

1956లో గంజాయి కేసులో మొదటిసారి పట్టుబడ్డాడు, కేసు కొట్టేశారు. అదే ఏడాది చివర్లో మెక్సికో వెళ్ళి పెళ్ళి చేసుకున్నాడు. ముగ్గురు పిల్లలు. కాపురం నిలవలేదు. 1958లో ద పార్టీ క్రాషర్స్, అదే చెప్పుకోదగ్గ చివరి వేషం. 1961లో కాలిఫోర్నియాలోని చినో జైలు. 1965లో నాటకాల్లో అవకాశాలొస్తాయేమోనని న్యూయార్క్ వెళ్ళాడు. అక్కడ ఆండీ వార్హోల్ అనే పేరున్న చిత్రకారుడి చుట్టూ ఉండే కళాకారుల్లో తిరిగాడు. కొలాజ్‌లు (ముక్కలు అతికించి చేసే బొమ్మలు) చేసేవాడు, బాగా చేసేవాడని పేరు. తనని వెండి పళ్ళెంలో పెట్టి ఊరేగించి తర్వాత చెత్తలో పడేశారని ఒకసారి అన్నాడు. ఆ మాటని అందరూ తిప్పి తిప్పి రాస్తారు. నాకైతే ఓడ దగ్గర నీళ్ళేవని అడిగిన మాటే గుర్తుంటుంది.

మీ మూడో ప్రశ్నకి: ద విండో చూడండి. గంటా పావు కూడా ఉండదు. కథ మన "నాన్నా పులి"యే. న్యూయార్క్ ఇరుకు ఇళ్ళలో టామీ అనే పిల్లాడు, నోరు తెరిస్తే కోతలు. ఉక్కకి తట్టుకోలేక, మనం వేసవిలో మేడ మీద పక్కలేసుకున్నట్టు, బయట ఇనప మెట్ల మీద పడుకుంటాడు. పైవాటాలో హత్య జరగడం చూస్తాడు. చెబితే ఎవడు నమ్ముతాడు? (ఇక్కడ నుంచి కథ తెలిసిపోతుంది, వద్దనుకుంటే ఆపేయండి.) వాళ్ళమ్మ చేసే పని చూడండి. అభాండం వేశావంటూ లాక్కెళ్ళి ఆ హంతకులకే క్షమాపణ చెప్పించబోతుంది. ఒక మంచి తల్లి, పిల్లాడికి బుద్ధి నేర్పాలనే. ఆ పెద్దవాళ్ళ ముందు బాబీ మొహం చూస్తే ఆస్కార్ ఎందుకిచ్చారో అర్థమవుతుంది. ఏడవడు. నమ్మించాలనే ఆశ మెల్లమెల్లగా చచ్చిపోవడం కనిపిస్తుంది.

ఆ సినిమా చివర్లో పిల్లాడు పారిపోయి దూరేది పక్కనున్న పాడుబడ్డ కొంపలోకి. కథ జరిగేది న్యూయార్క్ లోయర్ ఈస్ట్ సైడ్‌లో, తీసింది కూడా న్యూయార్క్‌లోనే. ఇరవై ఏళ్ళ తర్వాత అతను దొరికింది అదే చుట్టుపక్కల, అలాంటి కొంపలోనే. అందుకే రెండోసారి ఆ సినిమా చూడలేకపోయాను.

ఫైలు కదలదు:

మైకు ముందు అక్కా, మీరు రాసింది చదివి ఆఫీసులో టీ చల్లారబెట్టుకున్నాను. చట్టం సంగతి నేను చెబుతాను, మా పని అదే.

చట్టం ఉందండీ, 1939 నుంచి. దానికి కారణం జాకీ కూగన్. చాప్లిన్ ద కిడ్‌లో చిరిగిన టోపీ పెట్టుకుని కనిపించే బుడ్డోడు. 30, 40 లక్షల డాలర్లు సంపాదించాడని అంచనా. మేజరయ్యాక చూసుకుంటే అమ్మ, మారుతండ్రి ఖర్చు పెట్టేశారు. 1938లో కోర్టుకెక్కాడు. చివరికి చేతికొచ్చింది 1,26,000 డాలర్లు. ఆ గోల మీద కాలిఫోర్నియాలో కూగన్ చట్టం వచ్చింది.

కాకపోతే చిల్లులున్న చట్టం. కోర్టు ముందుకొచ్చి ఆమోదం పొందిన కాంట్రాక్టులకే పక్కాగా పనిచేసేది. మైనరు సంపాదన చట్టప్రకారం తల్లిదండ్రులదే అనే పాత సూత్రం అలాగే ఉండిపోయింది. అది మారి, సంపాదన పిల్లలదే, అందులో 15 శాతం విడిగా ట్రస్టులో వేసి తీరాలి అన్నది 2000 జనవరి నుంచే. బాబీకి అది అందుబాటులో లేదు. సెట్‌లో టీచరుండాలి, రోజుకి మూడు గంటలు చదువు చెప్పాలి అనే నిబంధన మాత్రం అప్పటికే ఉంది. లైట్లు సర్దే ఇరవై నిమిషాల్లో లెక్కలు, మళ్ళీ షాట్, మళ్ళీ లెక్కలు. అక్క చెప్పిన ఎనిమిదో క్లాసు సమస్యకి ఏ సెక్షనూ లేదు.

ఎడిసన్ బస్సు:

న్యూజెర్సీ నుంచి రాస్తున్నాను. న్యూయార్క్‌లో బాబీ చనిపోయి దొరికిన ఇంటి అడ్రసు 371 ఈస్ట్ 10వ వీధి. టాంప్‌కిన్స్ స్క్వేర్ పార్క్ దాటాక అవెన్యూ బి, సి మధ్యలో. ఆఫీసు పని మీద అటు వెళ్ళినప్పుడు ఒకసారి కావాలనే ఆ వీధిలో నడిచాను. మామూలు వీధి. చెట్లు, గోడలకి ఇనప మెట్లు, కుక్కల్ని తిప్పుతున్న జనం. ఇప్పుడక్కడ అద్దెలు మన జీతాలకి అందవు. 1968లో ఆ పేటలో వదిలేసిన కొంపలు చాలా ఉండేవి. మార్చి 30న అలాంటి ఓ ఖాళీ ఇంట్లోకి ఆడుకోవడానికి వెళ్ళిన ఇద్దరు పిల్లలు చూశారు. మడత మంచం మీద ఉన్నాడు, పక్కన రెండు ఖాళీ బీరు సీసాలు, నేల మీద మతప్రచారపు కాగితాలు. గుండె ఆగిపోయింది, రక్తనాళాలు పాడైపోయి ఉన్నాయి. జేబులో పేరు చెప్పే కాగితం లేదు. చుట్టుపక్కల ఫోటో చూపిస్తే ఎవరూ గుర్తుపట్టలేదు.

హార్ట్ ఐలాండ్‌లో పాతిపెట్టారు. బ్రాంక్స్‌లో సిటీ ఐలాండ్ అని చేపల హోటళ్ళుండే చిన్న దీవి ఉంది, మనవాళ్ళు వీకెండ్‌కి రొయ్యల వేపుడు కోసం వెళుతుంటారు. అక్కడి ఒడ్డున నిలబడితే ఎదురుగా కనిపిస్తుంది. 1869 నుంచి దిక్కులేని శవాల్ని అక్కడే పూడుస్తున్నారు, పది లక్షలు దాటాయి. పొడవాటి కందకంలో చెక్కపెట్టెలు వరసగా పేర్చేస్తారు. చాలా ఏళ్ళు ఆ పని జైలు ఖైదీలతో చేయించారు. 2021లో పార్కుల శాఖకి ఇచ్చారు, ఇప్పుడు వెళ్ళి చూడొచ్చు. నేనింకా వెళ్ళలేదు.

1969 చివర్లో తండ్రి పోయేలా ఉన్నాడని, కొడుకుని ఒక్కసారి చూపిద్దామని తల్లి వెతకడం మొదలుపెట్టింది. డిస్నీ వాళ్ళని కూడా సాయం అడిగింది. చివరికి వేలిముద్రలు కలిసింది హార్ట్ ఐలాండ్‌కి వెళ్ళిన ఆ అనామకుడితో. వేలిముద్రలు దేనికి దొరికాయంటే, పాత కేసుల్లో జైలుకెళ్ళాడు కాబట్టి. ప్రపంచానికి ఇంకో రెండేళ్ళకి గానీ తెలియలేదు. 1970ల మొదట్లో సాంగ్ ఆఫ్ ద సౌత్ మళ్ళీ హాళ్ళలో వేసినప్పుడు, ఆ పిల్లాడు ఇప్పుడెక్కడున్నాడని విలేకరులు అడిగితే బయటపడింది. కాలిఫోర్నియాలోని ఓషన్‌సైడ్‌లో తండ్రి సమాధి రాయి మీద కొడుకు పేరు కూడా చెక్కించారు. పేరు అక్కడ, మనిషి ఇక్కడ.

సెకండ్ షో:

మైకు ముందు గారూ, తల్లిదండ్రుల మీద నేనన్న మాట వెనక్కి తీసుకుంటున్నాను. ఆ వెతుకులాట సంగతి నాకు తెలియదు.

మైకు ముందు:

పర్లేదండీ. నేనూ మొదట అలాగే అనుకున్నాను.

కాజా గారూ, చిన్న మాట. పీటర్ పాన్ మళ్ళీ పెడితే, ఈసారి బొమ్మ చూడకుండా వినండి. పీటర్ కోడిపుంజులా కూసే చోట చూసుకోండి. అలాంటి కూత గొంతు మారే పిల్లాడికి చాలా ప్రమాదం, మధ్యలో పగిలిపోతుంది. ఎన్ని టేకులు తీసుకున్నారో అని ప్రతిసారీ అనుకుంటాను.

కాకినాడ కాజా:

అందరికీ పేరుపేరునా ధన్యవాదాలండీ. ఇంత సమాచారం వస్తుందనుకోలేదు. నిన్న రాత్రి పాప పడుకున్నాక ద విండో పెట్టాను. సౌండు బాగా తగ్గించాను. సరిగ్గా వాళ్ళమ్మ క్షమాపణ చెప్పించడానికి మెట్లెక్కించే చోట పాప నీళ్ళకని లేచి వచ్చింది. నా ఒళ్ళో కూర్చుని కాసేపు చూసింది. పీటర్ పాన్ అబ్బాయే అని చెబితే నమ్మలేదు.

"వీడు అబద్ధం చెప్పాడా?" అంది.

"లేదమ్మా, నిజమే చెప్పాడు."

"మరి వాళ్ళమ్మకి నువ్వు చెప్పు."

నీళ్ళు తాగించి పడుకోబెట్టాను. మిగతా సినిమా ఈ రాత్రికి చూస్తాను.